రొక్కపుటంగడి: వైటవే లెయిడ్లా వర్తకశాలల చరిత్ర

వర్తకమును దెలుపు సంస్కృతశబ్దములలో బెక్కింటికి మూలము పణధాతువు. ఆపణము, విపణి, పణ్యము, పణము అను మాటలన్నియు దానినుండి పుట్టినవే. ఈ ధాతువునకు వైయాకరణులు రెండర్థములను జెప్పియున్నారు. మొదటిది వ్యవహారము, అనగా గొనుటయు నమ్ముటయు, రెండవది స్తుతి. అర్థభేదమునుబట్టి రూపభేదమును గలదు. వ్యవహారమునందు ‘పణతే’ యనియు, స్తుతియందు ‘పణాయతి’ యనియు రూపములు. అమ్మువాడు తన సరకును దానే పొగడుట లోకమున నెల్లయెడల గానవచ్చునదే కావున నీ రెండర్థములు నొక్క ధాతువునందు గూడియుండుట యబ్బురము గాదు. ఇక మఱియొక విశేషము. కొనదగిన వస్తువేదైనను ‘క్రేయము’. కొనువారు వచ్చి కొనుదురుగాక యను తలంపుతో నంగడియందు బఱచిపెట్టిన వస్తువు మాత్రమే ‘క్రయ్యము’. ఈ భేదమునకై పాణిని యొక సూత్రమునే రచించెను. అమరసింహుడును దానిని దన కోశమున జేర్చెను.

ఇంటిలోపల దాచియుంచి, వచ్చినవాని ముఖము చూచి వెలచెప్పి, పిమ్మట దీసి చూపు సరకు వేఱు. వీధిని బోవువారందఱకు గనబడునట్లు వెలచీటితో బఱచిన సరకు వేఱు. ఈ రెండవ తెఱగు వర్తకమును హిందూదేశమునందలి మహానగరములలో నెలకొల్పిన యాంగ్లేయసంస్థలలో ముఖ్యమైనది 1882వ సంవత్సరమున గలకత్తాలో బుట్టిన వైటవే లెయిడ్లా కంపెనీ. లాహోరు మొదలు షాంఘై వఱకు దాని శాఖలు వ్యాపించినవి. ఒకే కప్పుక్రింద బట్టలు, జోళ్లు, కుర్చీలు, పింగాణీపాత్రలు, ఆటబొమ్మలు వేఱువేఱు విభాగములుగా నమర్చుట, వెల ముందే నిశ్చయించి వ్రాసిపెట్టుట, అరువు నొసగకుండుట అనునవి దాని మూడు నియమములు. వీనిలో దానికి బేరు దెచ్చినది మూడవది. రొక్కము తప్ప వేఱొండు యోగ్యత నడుగని యంగడి, పాలకజాతి నాశ్రయించి బ్రదికి, ఆ జాతి వెడలిపోగానే తానును వెడలిపోవుట యెట్లు సంభవించెను? దాని నియమములలో నేవి నిలిచినవి? ఈ చరిత్రమున దెలియదగినది యిదియే.

పూర్వస్థితి

ఈస్టిండియా కంపెనీ కాలమున నీ దేశమందలి యాంగ్లేయులకు స్వదేశపు వస్తువులు దొరకుట సులభముగా నుండలేదు. ఓడల నాయకులు తమ సొంతలెక్కకు దెచ్చుకొన్న సరకును రేవు చేరగనే యమ్మెడివారు. ఓడ వచ్చినప్పుడు సమృద్ధి, రానప్పుడు కొఱత. స్వదేశపు సరకు కావలసినచో గలకత్తాలో బనియానులును, చెన్నపట్టణమున దుబాసీలును దొరల కొఱకు గొనిపెట్టెడివారు. దుబాసీ యనగా రెండు భాషల నెఱిగినవాడు. చెన్నపట్టణపు దుబాసీలలో దెలుగువారు పలువురుండిరి. వారి చేతిమీదుగా బోయిన ప్రతి బేరమునందును వారికి రావలసిన పాలు వారికి వచ్చుచుండెను. ఇదిగాక, పెట్టెలు మోయించుకొని బంగళాల వసారాలలో సరకు దింపి చూపెడి తిరుగుడు వర్తకులును గలరు. వారు చెప్పిన వెలకును దుదకు గుదిరిన వెలకును నడుమ నెంత దూరమున్నదో బేరమాడువాని యోర్పునుబట్టి తేలెడిది.

తరువాత నాంగ్లేయులే యంగళ్లు పెట్టిరి. చెన్నపురి మౌంటురోడ్డున 1863లో డురాంటు, స్పెన్సరు అను వారిరువురు స్థాపించిన వర్తకశాల వానిలో బ్రసిద్ధమైనది. అది 1895లో విశాలమైన నూతనభవనమున బ్రవేశించి, పెక్కు విభాగములతో వర్ధిల్లెను. ఇట్టి పెద్ద యంగళ్లకు దొరలు సాధారణముగా రొక్కము గొనిపోయెడివారు గారు. కావలసినది తీసికొని యొక చీటిమీద జేవ్రాలు చేయుదురు. లెక్క నెలకో, మూడు నెలలకో, యొక్కొక్కప్పు డంతకంటె నాలస్యముగనో తీఱును. ఈ చీటి యను మాట హిందీ ‘చిట్ఠీ’ ద్వారమున నాంగ్లేయభాషలో ‘చిట్’ అయి, సింగపూరు, హాంగుకాంగు, షాంఘైల వఱకు నీ యాచారముతోడనే ప్రయాణము చేసెను. వెండిరూపాయలు బరువైనవి, వానిని సంచిలో వేసికొని తిరుగుట దొరకు మర్యాద గాదని తలంపు. చేవ్రాలే పరువు, అరువే మర్యాద.

అయిన నరువు పుణ్యమునకు రాదు. ఉద్యోగి బదిలియై పోవును, సెలవుమీద సీమకు బోవును, మరణించుటయు గలదు. అతడు చెల్లింపని పైకము నంగడివాడు తన చేతినుండి పెట్టుకొనడు. చెల్లించెడివాని వెలలో గలుపును. కావున నరువు దేశమున నెల్లప్పుడును దీర్చెడివాడు తీర్పనివాని ఋణమునుగూడ దీర్చుచుండును. చిన్న జీతముగల గుమాస్తా, రైల్వే యుద్యోగి, సార్జంటు, మిషనరీ మొదలగువారి కీ భారము మిక్కిలి దుస్సహము. వారి చేవ్రాలునకు బెద్ద యంగళ్లలో నంతటి విలువయు లేదు. వారి రొక్కమునకు దగిన వెలయు లేదు.

రాబర్టు లెయిడ్లా

ఈ కొఱతను గుర్తించినవాడు రాబర్టు లెయిడ్లా. ఇతడు 1856లో స్కాట్లండునందలి రాక్సుబరోషైరులో బాంచెస్టరను పల్లెయందు జన్మించెను. 1877 ప్రాంతమున హిందూదేశమునకు వచ్చి, యిరువదియేండ్ల కాలమిచ్చట గడపెను. 1882లో ఎడ్వర్డు వైటవే యనువానితో గలసి కలకత్తాలో నంగడి తెఱచెను. కంపెనీ పేరున వైటవే ముందుగా నిలిచినను, వ్యాపారమును బెంచినవాడు లెయిడ్లాయే.

ఆ కాలమున లోకపరిస్థితు లితనికి జాల ననుకూలించినవి. 1869లో సూయజుకాలువ తెఱవబడగా బొగయోడలు ఆఫ్రికాఖండమును జుట్టిరాక, కొలది వారములలో సీమ సరకును దెచ్చి దించుచుండెను. 1870లో సముద్రాంతర్గతమగు తంతి బొంబాయికి జేరెను. కావలసిన సరకు కొఱకు జాబు వ్రాసి నెలలు వేచియుండవలసిన పని తప్పెను. 1877లో హిందూదేశపు టపాశాఖవారు వి. పి. పద్ధతిని బ్రవేశపెట్టిరి, అనగా బార్సెలు నందుకొనువాడు టపాబంట్రోతుచేతికి వెల చెల్లించును, ఆ పైకమును టపాశాఖయే వర్తకునకు జేర్చును. 1880లో మనియార్డరులు వచ్చినవి. అంతకుముందే పారిసునగరమున ‘బోన్‌మార్షే’ యను వస్తుశాలను బూసికో యను వర్తకుడు 1852 మొదలు నిశ్చితమూల్యములతో నడపి చూపెను. లండనున వైట్లీ 1863లో జిన్నయంగడితో మొదలుపెట్టి, సర్వవస్తువుల నమ్మువాడని పేరుగాంచెను. లెయిడ్లా యీ పద్ధతులను గలకత్తాకు దెచ్చెను.

రొక్కపు నియమమునకు మఱియొక బలమైన కారణమును గాననగును. ఆనాడు రూపాయి వెండినాణెము. సీమలో సరకునకు జెల్లింపవలసినది బంగారముపై నాధారపడిన పౌనులలో. 1873 తరువాత వెండివెల దిగజాఱుచుండెను. 1870 ప్రాంతమున రమారమి రెండు షిల్లింగులకు సరియైన రూపాయి, 1892 నాటికి షిల్లింగుమీద మూడు పెన్నీలకు జేరెను. 1893లో దొరతనమువారు టంకశాలలలో వెండిని నిర్నిరోధముగా నాణెములు చేయుటను మానిపించిరి. 1898 నాటికి రూపాయి షిల్లింగు నాలుగు పెన్నీలకడ గుదురుకొనెను. ఈ నడిమికాలమున నరువుమీద నమ్మిన వర్తకుడు రెండువిధముల నష్టపడును. పైకము రాకపోవచ్చును, వచ్చినను, నమ్మిననాటి రూపాయి వేఱు, వచ్చిననాటి రూపాయి వేఱు. రొక్కము పుచ్చుకొన్నవాడు దానిని వెంటనే లండనునకు బంపి, సరకు చేసినవారికి సత్వరముగా జెల్లించి, యందువలన దగ్గింపును బొంది, మఱల జౌకగా గొనగలడు. నియమము నీతికొఱకు బుట్టినదో లెక్కకొఱకు బుట్టినదో యని వాదింప బనిలేదు. రెండును నిచ్చట నొక్కటియే యయ్యెను.

అరువు దొరకని దొరలు దీనిని జూచి నవ్వుకొనిరి. ‘వైటవే అండ్ లెయిడ్లా’ యను పేరును ‘రైటవే అండ్ పెయిడ్ ఫర్’ అని మార్చి పలికెడివారు. అప్పటికప్పుడే, పైకము చెల్లించియే యని దాని భావము. ఆలంకారికుల దృష్టిలో నిది శబ్దసామ్యము నాశ్రయించిన పరిహాసము. కాని వర్తకుని దృష్టిలో నింతకంటె మంచి ప్రకటన యుండదు. పణధాతువునకు స్తుత్యర్థమును గలదని చెప్పిన పెద్దల మాట యిచ్చట దలంపునకు వచ్చును: నిందగా బుట్టిన పేరే యంగడికి స్తుతియై పరిణమించెను.

శాఖావిస్తారము

కలకత్తాలో జౌరంగీవీథియందు మైదానమున కెదురుగా 1905 ప్రాంతమున నీ కంపెనీవారు గట్టించిన భవనము రాజసౌధమును దలపించును. మూలయందు గుమ్మటమును, గడియారమును, వరుసవరుస కిటికీలును గలిగి, యూరోపునందలి మహానగరముల వస్తుశాలల యొఱవడి నది నిర్మింపబడెను. బొంబాయిలో హారన్‌బీరోడ్డునను, చెన్నపురిలో మౌంటురోడ్డునను, లాహోరునందును, వేసవి రాజధానియైన సిమ్లాయందును శాఖలు వెలసినవి. సముద్రము దాటి రంగూను, కొలంబో, పినాంగు, కౌలాలంపూరు, సింగపూరు, హాంగుకాంగు, షాంఘై నగరములకు నీ పేరు ప్రాకెను. పటమున నీ స్థలములను గుర్తించి చూచినచో నాంగ్లేయుల ఓడలు, రైళ్లు, టపాలు పోయిన దారియే యీ యంగళ్ల దారియని తెలియును. దొరతనము ముందు పోవును. దాని వెంట వర్తకము పోవును.

ఈ దారి తెలుగుదేశముమీదుగను బోయినది. 1900లో రాజమహేంద్రవరముకడ గోదావరిమీద రైలువంతెన తెఱవబడగా గలకత్తా చెన్నపట్టణములకు దూర్పుతీరమున నెడతెగని రైలుమార్గ మేర్పడెను. విశాఖపట్టణము, కాకినాడ, బెజవాడ మొదలగుచోట్ల నుండిన యుద్యోగులకు మహానగరపు టంగడి టపాదూరములోనికి వచ్చెను. కేటలాగును జూచి, కొలతలు వ్రాసి పంపి, వి. పి. పార్సెలును విడిపించుకొనుట యాంగ్లేయవిద్య నేర్చిన వకీళ్లకును, జమీందారులకును గ్రమముగా నలవాటయ్యెను. ఈ సరకులకు దెలుగువారు పెట్టిన గుర్తు ‘సీమ’ యను మాట. ఎల్లయను నర్థముగల సంస్కృతశబ్దము, దేశభాగమను నర్థమునంది, తుద కాంగ్లేయుల దేశమునకే పేరై నిలిచినది. సీమగుడ్డ, సీమసున్నము, సీమచింత యను సమాసము లన్నియు నట్టివే. ఎల్ల నావల నున్నవారి వస్తువునకు ‘ఎల్ల’ యనియే పేరు పెట్టుట వింతయైనను వాడుకకు నడ్డులేదు.

రంగూనున వేఱొక సంబంధము గలదు. ఆ నగరపు రేవునందును, బియ్యపుమిల్లులయందును బనిచేసిన కూలీలలో దెలుగువారు వేలకొలదిగా నుండిరి. కోరంగి రేవునుండి మొదట నోడ లెక్కినవారగుటచే వారిని ‘కోరంగీలు’ అని పిలిచెడివారు. సీమనుండి వచ్చిన పెట్టెలను దించిన రేవుకూలీలలో నధికసంఖ్య వారిదే. రొక్కమున్నవా డెవ్వడైనను గొనవచ్చునను నియమ మక్షరముల నెంత సమమైనదైనను, రోజుకూలివాని చేతిలో నా రొక్క మెంత యుండును? అంగడి తలుపు తెఱచియే యున్నది. గడప మాత్రము వెలచీటి యెత్తున నున్నది.

లోపలి వ్యవస్థ

అంగడి లోపలి యేర్పాటు తెలిసికొనదగినది. ప్రతి విభాగమునకు వేఱు బల్లలు, వేఱు గుమాస్తాలు. పురుషుల దుస్తు లొకచోట, స్త్రీల వస్త్రములు నలంకారములు నొకచోట, టోపీలు, జోళ్లు, పడకసామానులు, వంటపాత్రలు, బొమ్మలు వేఱువేఱుచోట్ల. వస్తువునకు వెలచీటి కట్టియుండును. కొనువాడు వెల నడుగ నక్కఱలేదు. అమ్మువాడు చెప్ప నక్కఱలేదు. బేరమను కళ యిచ్చట నిష్ప్రయోజనము. బేరమునందు గొనువాడును నమ్మువాడును మాటలతో నొకరినొకరు కొలుచుకొందురు. కొన్నాళ్లకు వారి నడుమ గొంత స్నేహమును, గొంత యనుమానమును, గొంత వాడుకయు నేర్పడును. నిశ్చితమూల్యమునందు నివేవియు లేవు. మొదటిసారి వచ్చినవానికిని, పదియవసారి వచ్చినవానికిని వెల యొక్కటియే. అందు న్యాయమున్నది, అదేసమయమున గొంత యౌదాసీన్యమును నున్నది.

ఈ పద్ధతి నిజముగా మేలు చేసినది బేరమాడ నేర్వనివారికి. భాష తెలియక, వెలలు తెలియక, క్రొత్తగా నోడదిగిన చిన్న యుద్యోగి, యతని భార్య, సైనికుడు, ఆంగ్లో ఇండియను గుమాస్తా మోసపోవుదుమను భయము లేక సరకు కొనగలిగిరి. ఋతువు మాఱునప్పుడు మిగిలిన సరకును వెలతగ్గించి యమ్ముటయు నీ యంగళ్ల యాచారమే. లండనుసైన్యాధికారులు 1871లో దమ యుపయోగముకొఱకు స్థాపించుకొన్న ఆర్మీ అండ్ నేవీ సహకారసంఘము బొంబాయిలో 1891లోను, గలకత్తాలో 1901లోను విక్రయశాలలు తెఱచెను. కాని యది మొదట సభ్యులకై యేర్పడిన సంఘము. లెయిడ్లా యంగడికి సభ్యత్వముతో బనిలేదు. అధికారిని చేవ్రాలు నిలువబెట్టెను. సంఘసభ్యుని చందా నిలువబెట్టెను. ఈ యంగడికి వచ్చినవానిని రొక్కము నిలువబెట్టెను. తెలుగువారి ‘రొక్కము’, హిందీవారి ‘రోకడ్’, సంస్కృతకోశములలో నగదుక్రయము నర్థముగా గనబడు ‘రోక’ శబ్దమును బోలియున్నవి. పేరు పాతదే; దానికి గలిగిన ప్రతిష్ఠ క్రొత్తది.

స్వదేశోద్యమము

చౌరంగీలో నా మహాభవనము లేచిన కాలముననే దాని మూలమును గదల్చు నుద్యమమును బుట్టెను. 1905 ఆగస్టు 7వ తేదిని గలకత్తా పురమందిరమున జరిగిన మహాసభలో విదేశవస్తు బహిష్కార తీర్మానము ప్రకటింపబడెను. అక్టోబరు 16వ తేదిని వంగవిభజన మమలులోనికి వచ్చెను. 1907 ఏప్రిలులో బిపినచంద్రపాలుడు విశాఖపట్టణము, కాకినాడ, రాజమహేంద్రవరము, బెజవాడ, బందరులలో నుపన్యసింపగా వందేమాతర మంత్రమును, స్వదేశవస్తు వ్రతమును దెలుగుదేశమంతట వ్యాపించెను. అంతవఱకు గౌరవచిహ్నమైన సీమగుడ్డ లజ్జాకారణమయ్యెను. 1921 జూలై 31వ తేదిని బొంబాయిలో గాంధిమహాత్ముని సమక్షమున విదేశవస్త్రముల రాశి దహింపబడెను.

ఇందు జరిత్రకారుడు గమనింపవలసిన సంగతి యొకటి గలదు. స్వదేశవాదులు సరకును బహిష్కరించిరి గాని, సరకు నమ్ము తీరును బహిష్కరింపలేదు. బొంబాయిలో 1906లో వెలసిన స్వదేశీ సహకార వస్తుశాలయు నొకే కప్పుక్రింద ననేకవస్తువుల నమర్చి యమ్మినదే. స్వదేశవస్తువును గొనుట ధర్మమని నమ్మి వచ్చినవానితో బేరమాడి వెల హెచ్చించుట తగదు గనుక నిశ్చితమూల్య మా యంగళ్లకు మఱింత సహజముగా నమరెను. తెలుగు పట్టణములలో బుట్టిన ‘స్టోర్సు’ అను పేరుగల యంగళ్లు నీ తెఱగువే. పరాయివాని సరకు వలదన్నవాడు పరాయివాని పద్ధతిని నేర్చుకొనుట దోషముగా దలంపబడలేదు. విద్య శత్రువువద్దనైనను గ్రహింపదగినదే కదా.

లెయిడ్లా కంపెనీ యీ గాలికి గూలిపోలేదు. దానిని బోషించిన జనము ప్రధానముగా యూరోపియనులు, ఆంగ్లో ఇండియనులు, వారి యాచారముల ననుసరించిన కొలదిమంది స్వదేశీయులు. బహిష్కార మా వర్గమును విశేషముగా దాకలేదు. అయిన నిందువలననే యొక గోడ యేర్పడెను. దేశప్రజలు కొనువారైనప్పుడే పెరుగగల యంగడి, వారు కొనరాదని నిశ్చయించుకొన్న కాలమున దన పాత వర్గముతోడనే తృప్తిపడవలసివచ్చెను. రొక్కమే యోగ్యతయని చెప్పిన సంస్థకు రొక్కముగలవారే విముఖులైరి.

స్థాపకుని యుత్తరజీవితము

లెయిడ్లా స్వభావము కేవలవర్తకస్వభావము గాదు. అతడు మెథడిస్టుసంఘమునకు జెందిన భక్తుడు. 1906లో లిబరలుపక్షమున నీస్టు రెన్‌ఫ్రూషైరునుండి పార్లమెంటుసభ్యుడై, 1910 వఱకు నుండెను. నల్లమందు వ్యాపారమును మాన్పవలెనని పాటుపడినవారిలో నతడొకడు. హిందూదేశమున బండిన నల్లమందును జీనాకు బంపి హిందూదేశపు దొరతనము పుచ్చుకొనుచున్న యాదాయము పాపపు సొమ్మని వాదించిన పక్షమువా డతడు. 1909లో షాంఘైనగరమున బెక్కు దేశముల ప్రతినిధులతో నల్లమందునుగూర్చి విచారించిన సంఘమున నాంగ్లప్రతినిధులలో నతడును గూర్చుండెను. ఆ సంవత్సరమే యతనికి ‘సర్’ బిరుదము లభించెను. 1915లో మరణించెను. నీలగిరులలో గేటీయను గ్రామమున నున్న పాఠశాల యతని పేరును నేటికిని ధరించియున్నది. అది మొదట నాంగ్లో ఇండియను బాలబాలికలకై యేర్పడినది.

అతని దుకాణములలో నొకటి షాంఘైలోనే యుండెను. నల్లమందుకై జరిగిన యుద్ధముల ఫలముగా దెఱవబడిన రేవు షాంఘై. ఆ రేవున సరకమ్మిన వర్తకుడే యా రేవును దెఱచిన వ్యాపారమును ఖండించుట యసంగతమని యెంచుట సులభము. కాని యతని దృష్టిలో నందు విరోధము లేదనుట న్యాయము. బట్టలు, జోళ్లు ప్రకాశముగా నమ్మి, వెల ముందే చెప్పి, రొక్కము పుచ్చుకొనుట ధర్మవ్యాపారము; వ్యసనమును బెంచి పన్ను గొనుట యధర్మవ్యాపారము. ఈ విభాగము నతడు నమ్మెను. ధర్మవ్యాపారమునకు గూడ నోడలను, రేవులను, రక్షణను సమకూర్చిన దొరతన మొక్కటియే యను సంగతిమాత్ర మా లెక్కలోనికి రాలేదు.

అస్తమయము

1941 డిసెంబరున జపాను యుద్ధము వచ్చెను. ఆ నెలలోనే షాంఘై యంతర్జాతీయభాగమును, హాంగుకాంగును, 1942 ఫిబ్రవరి 15న సింగపూరును, మార్చిలో రంగూనును జపానువారి వశమయ్యెను. రంగూనునుండి తెలుగు కూలీలు కాలినడకను, నోడలమీదను బ్రాణములఱచేత బట్టుకొని తరలివచ్చిరి. త్రోవలో మడిసినవారు పెక్కండ్రు. వారు సరకు దించిన యంగళ్లయు, మిల్లులయు గతి యట్లే మాఱెను. యుద్ధానంతరము కొన్ని శాఖలు మఱల దెఱవబడినను, 1947లో హిందూదేశమును, 1948లో బర్మాయు స్వతంత్రము లయ్యెను. 1949లో షాంఘై క్రొత్త ప్రభుత్వము క్రిందికి వచ్చెను. కొనువారు పడవలెక్కి స్వదేశమునకు బోగా, నమ్మువారికి నిలువ బనిలేకపోయెను. 1960 దశకపు దొలిసంవత్సరముల నాటికి మలయా, సింగపూరులందును కథ ముగిసెను.

భవనములు మాత్రము నిలిచినవి. వాని యుత్తరచరిత్ర పూర్వచరిత్రకంటె నాశ్చర్యకరము. కలకత్తా భవనము మెట్రోపాలిటన్ జీవితభీమా కంపెనీ వశమై, యా పేరనే ప్రసిద్ధమై, 1956లో జీవితభీమావ్యాపారము జాతీయము కాగా లైఫ్ ఇన్స్యూరెన్సు కార్పొరేషనునకు జెందెను. దాని ప్రక్కనుండి పోవు వీథి, 1905 నాటి బహిష్కారోద్యమనాయకులలో నగ్రగణ్యుడైన సురేంద్రనాథబెనర్జీ పేరును ధరించెను. బొంబాయిలో నాంగ్లేయుల బట్టలమ్మిన భవనమున స్వాతంత్ర్యానంతరము ఖాదీభండారము నడచెను. పినాంగులోని భవనము వైటవేల పేరును నేటికిని విడువలేదు.

చెన్నపురి భవనపు గతి యన్నిటికంటె విశేషము. దానిని ‘స్వదేశమిత్రన్’ అను నరవపత్రికవారు గొని, యుద్ధవిజయమును దలంచి ‘విక్టరీ హౌస్’ అని పేరిడిరి. స్వదేశమిత్రన్ పత్రికను జి. సుబ్రహ్మణ్యయ్యరు స్థాపించిన సంవత్సరము 1882. వైటవే లెయిడ్లా కంపెనీ పుట్టిన సంవత్సరమును నదియే. సీమసరకు నమ్ముటకు బుట్టినదియు, స్వదేశమునకు మిత్రమై పలుకుటకు బుట్టినదియు నొక్కయేట జన్మించి, యఱువదియేండ్లు గడచినపిమ్మట నొక్క యింటియందు గలిసినవి: ఒకటి వెడలుచుండగా, నొకటి ప్రవేశించుచుండగా. 1985లో నా పత్రికయు నాగిపోయెను. ఆ భవనము వి. జి. పి. వర్తకులకు జెందెను. వారు దక్షిణదేశమున బేరుగాంచినది వాయిదాల పద్ధతివలన: వస్తువును ముందుగా నింటికి గొనిపోయి, వెలను నెలనెల గొంచెము గొంచెముగా దీర్చుటవలన. గడియారము, రేడియో మొదలగునవి మొత్తము వెల నొక్కమాఱు చెల్లింపలేని చిన్న జీతగానియింటికి జేరిన దీ మార్గమున. అరువును వెలివేసి పేరుగాంచిన వర్తకుల గృహముననే, యరువును గ్రమబద్ధము చేసి పేరుగాంచిన వర్తకులు కాపురముండిరి.

ఉపసంహారము

దీనినిబట్టి రొక్కపు నియమ మోడినదని చెప్పదగునా? తగదు. దొరల నాటి యరువునకును, వాయిదాల యరువునకును జాల భేదము గలదు. మొదటిది చేవ్రాలుగలవాని మర్యాదపై నిలిచినది. దాని భారము చేవ్రాలు లేనివానిపై బడినది. రెండవది వ్రాసిపెట్టిన వెలపైనను, వ్రాసిపెట్టిన గడువుపైనను నిలిచినది. కొనువా డెవ్వడైనను లెక్క యొక్కటియే. ఈ సమత్వమునకు నిశ్చితమూల్యము మూలము. నిశ్చితమూల్యమును మహానగరముల పెద్దవీథులలో నెలకొల్పినవారిలో వైటవే లెయిడ్లా కంపెనీ ముఖ్యము. ఆ కంపెనీ తలుపు తెఱచెను గాని, గడప దించలేకపోయెను. రేవుకూలివాని రొక్కము సరిపోనిచోట, తరువాతివారి వాయిదా గొంతవఱకు సరిపోయెను.

నేడు వెలచీటి లేని పెద్ద యంగడి యుండదు. సరకును దాచి, ముఖము చూచి వెలచెప్పు నాచారము సంతలలోను, జిన్న దుకాణములలోను మిగిలినది. వస్తు వేదైనను క్రేయమే. దానిని నలుగురికి గనబడునట్లు బఱచి, నలుగురికి నొక్క వెల చెప్పినప్పు డది క్రయ్యమగును. పాణిని సూత్రము పఱచుటవఱకే చెప్పినది. నలుగురును గొనగలుగుట యను మూడవమెట్టునకు సూత్రము లేదు. దానిని గాలమే వ్రాయవలసియుండెను.